ఏలిక్కుట్టికి నల్లజెండా

ఆ ఏడు మా కొండకి వానకంటే ముందు సర్కారు నోటీసు వచ్చింది. దూరపు రూట్లు ఇకమీదట సర్కారు బస్సులవేనట. ప్రైవేటు వాళ్లు దగ్గర ఊళ్ల మధ్య తిరిగితే చాలునట. పర్మిట్ గడువు తీరాక కొత్తది ఇవ్వబోమని దాని సారాంశం. మంజక్కానం నుంచి త్రిస్సూరు దాకా నడిచే మా బస్సుకి ఆ గడువు జూన్ మొదటి వారంతో తీరిపోతుంది.

బస్సు పేరు ఏలిక్కుట్టి. అది మా అత్తగారి పేరు. అందరూ బస్సులకి కింగ్ అనీ ఛాంపియన్ అనీ పెట్టుకుంటుంటే మా ఆయన చెరియాన్ కన్నతల్లి పేరు బస్సు నుదుటి మీద మూరెడు అక్షరాలతో రాయించాడు. "ఏలిక్కుట్టి వచ్చిందా?" "ఏలిక్కుట్టి ఇవాళ నిండుగా ఉందర్రా!" "ఏలిక్కుట్టికి పంచరు!" అని దారి పొడవునా జనం అరుస్తుంటే, "నా పేరు రోడ్డున పడేశాడు వీడు" అని ఆవిడ కసిరేది. లోలోపల ఎంత సంబరమో నాకు తెలుసు. త్రిస్సూరులో డాక్టరు దగ్గరికి వెళ్లాల్సి వస్తే, ఒంట్లో బాగుండకపోయినా, తెల్లటి రవికా పంచె, మా చట్టా ముండు, ఇస్త్రీ చేయించుకుని మరీ ముందు సీట్లో కూర్చునేది.

ఆ బస్సు రాత్రి త్రిస్సూరులో ఆగి, తెల్లారుజామున బయల్దేరి, పదకొండు లోపల కొండెక్కుతుంది. మధ్యాహ్నం ఒంటిగంటన్నరకి మళ్లీ దిగుతుంది. నడుమ దొరికే తీరికలో డ్రైవర్ దివాకరన్, కండక్టర్ షంసు మా వంటింటి అరుగు మీదే భోంచేస్తారు. మాకున్నదల్లా ఆ బస్సు, ఇంటి చుట్టూ కాసిని యాలక్కాయ మొక్కలు. మొక్కలకి మూడేళ్లుగా తెగులు. అంటే ఉన్నది బస్సొక్కటే.

నోటీసు సంగతి వినగానే మా బావగారు వర్కీ తొడుపుళ నుంచి జీపేసుకుని వచ్చాడు. ఆయన బస్సు యజమానుల సంఘానికి అధ్యక్షుడు. తండ్రి పోయినప్పుడు చెరియాన్‌కి ఆరేళ్లు. పెంచిందీ, చదివించిందీ, స్టీరింగ్ పట్టించిందీ అన్నే. ఆ రోజు కర్రపెండలం ఉడకేసి, ఎర్రటి చేపల పులుసు పెట్టాను. ఇద్దరూ ఒకే పళ్లెంలోంచి తింటూ కొట్లాడుకున్నారు.

"సమ్మె చేద్దాం. వారం రోజులు ఒక్క ప్రైవేటు చక్రం తిరక్కపోతే మంత్రే మన గుమ్మంలోకి వస్తాడు," అన్నాడు బావగారు.

"వారం ఆపితే జనం సర్కారు బస్సుకి అలవాటు పడతారు. నేను హైకోర్టుకి పోతా," అన్నాడు చెరియాన్.

"నల్లకోటు వాళ్లని మేపే డబ్బుతో ఇంకో బస్సు వస్తుందిరా పిచ్చోడా."

"నువ్వు కొనిపెట్టు, కోర్టు మానేస్తా."

"అన్నం దగ్గరైనా బస్సు దిగండర్రా ఇద్దరూ," అంది అమ్మచ్చి. మా అత్తగారిని ఊరంతా అమ్మచ్చి అనే పిలుస్తుంది.

చెరియాన్ అన్నంత పనీ చేశాడు. ఎర్నాకుళంలో సుజయ అనే లాయరమ్మని పట్టుకున్నాడు. ఆవిడ గట్టి మనిషి. తుది తీర్పు వచ్చేదాకా పాత టైముకే బస్సు నడుపుకోవచ్చని మధ్యంతర ఉత్తర్వు తెచ్చిపెట్టింది. షరతు ఒక్కటే: ఒక్క రోజు కూడా సర్వీసు తప్పకూడదు. తప్పితే ఆ రోజుతో ఉత్తర్వు పోయినట్టే. తప్పిందో లేదో వాహనాల ఇన్‌స్పెక్టరు కనిపెట్టి కోర్టుకి చెబుతాడు.

ఉత్తర్వు వచ్చిన రోజున చెరియాన్ ఏలిక్కుట్టికి బంతిపూల దండ వేసి కొండెక్కించాడు. స్టాండులో టపాకాయలు కాల్చారు. ఆ మర్నాటి నుంచే సర్కారు బస్సొకటి మా బస్సుకి సరిగ్గా రెండు నిమిషాల ముందు బయల్దేరడం మొదలుపెట్టింది. మా ప్రయాణికుల్ని ముందే ఏరుకుపోయేది. దాని కండక్టరు మా ఆయన్ని చూసి కిటికీలోంచి తల బయటపెట్టి, "అచ్చాయా, మీ బండి బరువు తగ్గించాం. డీజిలు మిగుల్తుంది, మాకో చాయ్ కొట్టించు!" అని అరిచేవాడు. దాని వెనక ఏలిక్కుట్టి. ఏలిక్కుట్టి వెనక ఇన్‌స్పెక్టరు జీపు.

ఆ ఇన్‌స్పెక్టరంటే నాకు భయం వేసేది. కుర్రవాడు, చక్కగా మాట్లాడతాడు. ఒకరోజు వైపరు సరిగ్గా లేదంటాడు, ఇంకోరోజు మందులపెట్టెలో దూది లేదంటాడు, జరిమానా రాసి చిరునవ్వుతో చేతికిస్తాడు. ఓసారి వాన జోరుగా ఉంటే మా అరుగు మీద నిలబడ్డాడు. చాయ్ ఇచ్చాను.

"బాగుంది చేచ్చీ," అన్నాడు గ్లాసు తిరిగిస్తూ. "మీ ఆయన మంచోడు. ఒక్క రోజు సర్వీసు తప్పితే చాలు, నాకూ ఈ కొండెక్కే బాధ తప్పుతుంది."

"తప్పదు," అన్నాను.

"కర్కిడకం వానలు వస్తున్నాయి కదా. చూద్దాం," అన్నాడు ఆకాశం వంక చూస్తూ, ఎంతో మర్యాదగా.

చెరియాన్‌తో చెబితే నవ్వాడు. అప్పటికే అతను ఇంట్లో ఉండటం మానేశాడు. దారిలో ఎవరు ఆపినా ఉత్తర్వు చూపించాలని రోజూ బస్సుతోనే వెళ్లి బస్సుతోనే వచ్చేవాడు. రాత్రిళ్లు త్రిస్సూరు స్టాండులో వెనక సీట్లో పడుకునేవాడు. పగలు ఆ రెండు మూడు గంటలూ ఇంట్లో ఉన్నా చేతిగడియారం వంకే చూపు. మాట్లాడితే టైము, ట్రిప్పు, సర్వీసు.

జులైలో సంఘం సమ్మె ప్రకటించింది. మా కర్కిడకం నెల ఒకటో తేదీ నుంచి ఒక్క ప్రైవేటు బస్సు కూడా కదలకూడదు. అంతకు వారం ముందు హెచ్చరికగా కొన్నిచోట్ల ఒక్క పూట ఆపారు. కింద ఏదో ఊళ్లో మాట వినకుండా బస్సు తీసిన డ్రైవరు మీద రాయి పడి, గాజుపెంకు కంట్లో దిగిందని విన్నాం.

బావగారు మళ్లీ వచ్చాడు. ఈసారి పళ్లెం దగ్గర కూర్చోలేదు. అరుగు మీదే నిలబడ్డాడు.

"ఆ రోజు నీ బస్సు తిరిగితే టీవీలో పొద్దస్తమానం అదే చూపిస్తార్రా. సంఘం అధ్యక్షుడి తమ్ముడే సమ్మెలో లేడని. నేను మొహం ఎక్కడ పెట్టుకోను?"

"ఆపితే ఉత్తర్వు పోతుంది చేట్టా. పోయాక నువ్వు తెచ్చిస్తావా?"

"అందరికీ వచ్చిన కష్టమేరా ఇది. నీ ఒక్కడికే వచ్చిందా?"

"అందరికీ ముగ్గురు నలుగురు ఏలిక్కుట్టిలున్నారు. నాకున్నది ఒక్కతే."

బావగారు జీపు తాళాలు చేతిలోకి తీసుకున్నాడు. తర్వాత, "కొండ కింద నేరియమంగలం వంతెన దగ్గర మనవాళ్లుంటారు. వాడు నా తమ్ముడు, వదిలెయ్యండని నేను చెప్పలేను," అన్నాడు.

"చెప్పమని అడిగానా?"

అన్నం తినకుండానే వెళ్లిపోయాడు. ఆ గుమ్మంలోంచి ఆయన ఖాళీ కడుపుతో వెళ్లడం నా కాపురంలో అదే మొదలు. అమ్మచ్చి జీపు వంక చూస్తూ నిలబడింది. "చిన్నప్పుడు వీణ్ణి భుజాన ఎక్కించుకుని ఏరు దాటించేవాడు వాడు," అంది నాతో. ఏడుపు వచ్చింది నాకు. దాచుకోకుండానే ఏడ్చాను.

సమ్మెకి రెండు రోజుల ముందు సంగతి. వంటింటి అరుగు మీద అన్నాలు తింటున్నారు. వాన హోరు. కరెంటు పోయి ఒక పూట దాటింది. దివాకరన్ ముద్ద కలుపుతూ అన్నాడు:

"అచ్చాయా, ముందే చెబుతున్నా. నాకున్నవి రెండే కళ్లు. రెండూ వాడుకలో ఉన్నాయి."

"అద్దానికి ఇనుప జాలీ బిగిస్తాలే," అన్నాడు చెరియాన్.

"జాలీలోంచి రోడ్డేం కనపడుతుంది, ఆ వానలో? రాయి తప్పించుకుని లోయలోకి పోదామా?"

షంసు గడ్డం నిమురుకున్నాడు. అతను నవ్వకుండా నవ్వించే రకం. "నేనో ఉపాయం చెబుతా. అద్దానికి నల్లగుడ్డ కట్టి, 'మరణం' అని బోర్డు పెట్టేద్దాం. మన కొండల్లో సమ్మె అయినా బంద్ అయినా పాలబండిని ఆపుతారేమో గానీ, చావుబండిని ఆపే మగాడు ఇంకా పుట్టలేదు."

దివాకరన్ నవ్వాడు. నేనూ నవ్వాను. చెరియాన్ నవ్వలేదు. నోటి దాకా వచ్చిన ముద్ద చేతిలోనే ఆగిపోయింది.

వాళ్లు స్టాండుకి బయల్దేరాక అతను అటక మీద నుంచి చినిగిపోయిన పాత నల్లగొడుగు దింపాడు. అమ్మచ్చి చూసింది.

"ఆ చింకి గొడుగెందుకురా?"

"బాగుచేయించుకొస్తా అమ్మచ్చీ."

నేను మెట్ల దాకా వెంటపడ్డాను. "ఇచ్చాయా, ఎవరి చావు?"

"ఎవరిదీ కాదు."

"అడిగితే?"

"చావుబండిని ఎవరూ అడగరు రోసిలీ. తలొంచుకుని దారిస్తారు."

"ముక్కూ మొహం తెలియని కారైతే అడగరు. ఏలిక్కుట్టిని చూసి అడక్కుండా ఎవరుంటారు? ఆ గొడుగు ఇటివ్వండి."

అతను ఇవ్వలేదు. చేతిగడియారం చూసుకుని, వానలో గబగబా దిగిపోయాడు.

కర్కిడకం ఒకటో తేదీ పొద్దున. కరెంటు ఇంకా రాలేదు, ఫోన్లన్నీ చచ్చిపడున్నాయి. నేనూ అమ్మచ్చీ వెనక వసారాలో కూర్చుని పనసగింజల పొట్టు తీస్తున్నాం. నా ప్రాణం వంతెన దగ్గరే ఉంది. అద్దం పగిలిందో, కన్ను పోయిందో, అసలు బస్సు తీశారో లేదో తెలియదు.

ఎదురు కొండ మీద చర్చిలో గంట మోగింది. దెబ్బకీ దెబ్బకీ మధ్య చాలా ఎడం. చావుగంట.

అమ్మచ్చి చెయ్యి ఆపింది. "ఎవరో పోయారు రోసిలీ. ఎవరై ఉంటారంటావ్? ఎక్కువసేపు కొడుతున్నారు, పెద్ద ప్రాణమే అయ్యుంటుంది." నుదుటి మీద సిలువ గుర్తు వేసుకుని, కళ్లు మూసుకుంది. "ప్రభువా, ఆ ఆత్మకి నిత్యవిశ్రాంతి దయచెయ్యి." నేను ఆమెన్ అన్నాను. మళ్లీ ఇద్దరం పనసగింజల్లో పడ్డాం.

కాసేపటికి ముందు వాకిట్లో అడుగుల చప్పుడైంది. వెళ్లి చూస్తే పక్క తోట పైలి, వాడి వెనక నలుగురు. వెదురుబొంగులు, నీలం టార్పాలిన్, భుజాల మీద కుర్చీలు. ఒక్కరూ నా మొహంలోకి చూడలేదు. చడీచప్పుడు లేకుండా గుంజలు పాతడం మొదలుపెట్టారు. పైలి నా దగ్గరికొచ్చి తలగుడ్డ తీసి చేత్తో పట్టుకున్నాడు.

"ధైర్యంగా ఉండాలి చేచ్చీ."

నా పైప్రాణాలు పైనే పోయాయి. బస్సు లోయలో పడిందనుకున్నాను. రాయి తగిలి దివాకరన్ చెయ్యి స్టీరింగ్ మీద నుంచి జారిపోయినట్టు, కొండదారి మలుపులో బస్సు పక్కకి ఒరిగినట్టు, అంతా కళ్లముందు కనపడింది.

"ఎక్కడ?" అన్నాను.

"అదే అడుగుదామని. ఎక్కడ పడుకోబెట్టారు?" అన్నాడు పైలి.

"ఎవర్ని?"

అప్పుడే అమ్మచ్చి పనసగింజల పళ్లెంతో గుమ్మంలోకి వచ్చింది. "ఏరా పైలీ, ఈ టార్పాలినేంటి? వానలో పెళ్లెవరికి?"

ఒకడి చేతిలోంచి కుర్చీ జారి పడింది. ఇంకొకడు గబుక్కున సిలువ గుర్తు వేసుకున్నాడు. పైలి నోరు తెరిచి అలాగే ఉండిపోయాడు.

తర్వాత నెమ్మదిగా చెప్పాడు. వంతెన దగ్గర నుంచి సంఘం వాళ్లు చర్చికి ఫోన్ చేశారట. అక్కడి ల్యాండ్‌లైన్ ఒక్కటే పనిచేస్తోంది. అమ్మచ్చి పోయిందని, చెరియాన్ నల్లజెండా కట్టుకుని కొండెక్కుతున్నాడని కబురు. ఫాదర్ వెంటనే గంట కొట్టించాడు.

వంతెన దగ్గర ఏం జరిగిందో షంసు చాలా రోజుల తర్వాత నాకు చెప్పాడు. వాళ్లు రాళ్లు గుట్టపోసి, రోడ్డుకి అడ్డంగా బల్ల వేసుకుని కూర్చున్నారట. ముందు నల్లగుడ్డ చూశారు. రూటు బోర్డు మీద పెట్టిన 'మరణం' అన్న అట్ట చూశారు. దానికి పైన ఏలిక్కుట్టి అన్న పేరు చూశారు. అందరూ లేచి నిలబడ్డారు. వాళ్లలో ఒక పెద్దాయన కిటికీ దగ్గరికొచ్చి, "చెరియాన్, అమ్మచ్చా?" అని అడిగాడు. చెరియాన్ ఏమీ అనలేదు. తలొంచుకున్నాడు. పెద్దాయన కిటికీలోంచి చెయ్యి పెట్టి అతని భుజం పట్టుకుని ఏడ్చాడు. బల్ల పక్కకి జరిగింది. వెనక జీపులోంచి ఇన్‌స్పెక్టరు దిగి, ఫోను పైకెత్తి, బస్సు ముందుభాగం ఫొటో తీసుకున్నాడు.

పైలి చెప్పిందంతా విని అమ్మచ్చి పళ్లెం నా చేతికిచ్చింది. వెళ్లి టార్పాలిన్ కింద కుర్చీలో కూర్చుంది. నేను లోపలికి రమ్మంటే రాలేదు. కబురు ఊరూరా పాకిపోయింది, అందర్నీ వెనక్కి పిలవడానికి చర్చి ఫోనొక్కటీ చాలదు. జనం వస్తూనే ఉన్నారు. తెల్లబట్టల్లో ఆడవాళ్లు, చేతుల్లో కొవ్వొత్తులు. అడిమాలి సంఘం వాళ్లు ఊదారంగు రిబ్బన్లతో పూలచక్రాలు తెచ్చారు. వచ్చినవాళ్లు వచ్చినట్టు కొయ్యబారిపోయేవారు. కొందరు నవ్వేశారు, కొందరికి కోపం వచ్చింది. ఆవిడ మాత్రం అందర్నీ పలకరించింది.

"రండి, చూసి పొండి. ఇంకా వెచ్చగానే ఉన్నా."

పూలచక్రాలు తీసేయమంటే ఒప్పుకోలేదు. వరండా కమ్మీకి వరసగా ఆనించమంది. "వాణ్ణి చూడనీ."

బావగారి జీపు వచ్చింది. పూర్తిగా ఆగకముందే దూకాడు. గొడుగు లేదు, కాళ్లకి చెప్పుల్లేవు. అరవయ్యేళ్ల మనిషి, "అమ్మచ్చీ" అని అరుచుకుంటూ మెట్లెక్కి, పైమెట్టు మీద ఆగిపోయాడు. కుర్చీలో కూర్చున్న తల్లిని చూశాడు. చుట్టూ ఉన్న మమ్మల్ని చూశాడు. మోకాళ్ల మీద కూలబడి, ఆవిడ ఒళ్లో తలపెట్టి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. ఆవిడ తడిసిన జుట్టు తుడుస్తూ కూర్చుంది. ఎవరు చెప్పారో, ఎందుకు చెప్పారో పైలి వివరించాడు. బావగారు లేచి మొహం తుడుచుకున్నాడు. నేను మంచినీళ్లిస్తే తీసుకోలేదు. తల్లి కుర్చీ పక్కనే నేల మీద కూర్చున్నాడు.

పదకొండు కాబోతుండగా స్టాండు వైపు నుంచి హారన్ వినిపించింది. ఏలిక్కుట్టి హారన్ నేను నిద్రలో కూడా గుర్తుపడతాను. పొద్దున్నుంచీ ఆ చప్పుడు కోసమే కదా చెవులు రిక్కించుకుని కూర్చున్నాను. ఇప్పుడు అది రాకుంటే బాగుండుననిపించింది. స్టాండులో దుకాణాలన్నీ మూసేసి ఉండటం చూసి ఎవరు పోయారని చెరియాన్ ఒకణ్ణి అడిగాడట. ఆ మనిషి ఇతన్ని కౌగిలించుకున్నాడట.

మెట్లెక్కి వచ్చాడు. పూలచక్రాలు, తల్లి, అన్న. చుట్టూ ఊరు.

"ఎన్ని ట్రిప్పులకి చంపావురా నన్ను?" అంది అమ్మచ్చి.

"అమ్మచ్చీ, నేనేం అనలేదు. తలొంచుకున్నానంతే."

"లేదని కూడా అనలేదు," అన్నాడు బావగారు.

చెరియాన్ తల్లి కాళ్ల వంక చూశాడు. ఒక్క అడుగు వేసి ఆవిడ కాళ్ల దగ్గర పడతాడనుకున్నాను. పడితే అంతా అక్కడితో అయిపోయేది. ఆవిడ తిట్టేది, బావగారు ఒకటి కొట్టేవాడు, నేను అందరికీ అన్నాలు వడ్డించేదాన్ని.

బావగారు లేచి నిలబడ్డాడు. గొంతు తగ్గించి, దాదాపు బతిమాలుతున్నట్టు అన్నాడు. "ఇవాళ్టికి చాలురా చెరియా. మధ్యాహ్నం ట్రిప్పు మానెయ్. అమ్మ దగ్గర కూర్చో. కోర్టు సంగతి రేపు నేనే వచ్చి చూస్తా."

"సగం నడిపి సగం ఆపితే పొద్దుట చేసిందంతా వృథా అయిపోతుంది చేట్టా," అన్నాడు చెరియాన్.

"ఇచ్చాయా!" అని అరిచాను.

అతను నా వంక చూడలేదు. ఇంట్లోకి కూడా రాలేదు. కాసేపు పూలచక్రాల పక్కన నిలబడి, తర్వాత మెట్లు దిగి స్టాండుకి వెళ్లిపోయాడు. ఒంటిగంటన్నరకి ఏలిక్కుట్టి కొండ దిగింది. మా వాకిట్లోంచి కింద మలుపు కనపడుతుంది. గొడుగు గుడ్డ ఇంకా అద్దానికి కట్టే ఉంది. తల్లి బతికుందని ఊరంతటికీ తెలిశాక కూడా విప్పలేదు. వంతెన దగ్గర ఒక్క రాయి కూడా పడలేదట. అందరూ వీపులు తిప్పి నిలబడ్డారట.

సమ్మె వారం దాటి నడిచింది. చెరియాన్ ఒక్క ట్రిప్పు తప్పలేదు. మలిరోజు నుంచి జెండా లేదు, బోర్డు లేదు. అయినా వంతెన దగ్గర అతన్ని ఎవరూ ఆపలేదు. ఆ మనిషితో మాట్లాడటానికి కూడా ఎవరికీ ఇష్టం లేకపోయింది. చివరికి సర్కారు దిగొచ్చి, సంఘంలో అందరికీ నాలుగేసి నెలల తాత్కాలిక పర్మిట్లు ఇచ్చింది. మాకు ఇవ్వలేదు. మీ విషయం కోర్టులో ఉంది కదా అన్నారు.

ఆగస్టులో కోర్టుకి నేనూ వెళ్లాను. సర్కారు తరఫు లాయరు ఆ ఫొటో జడ్జిగారికి అందించాడు. రూటు బోర్డు కనపడకుండా మరో బోర్డు పెట్టారు కాబట్టి ఆ రోజు నడిచింది సర్వీసు కాదు, చావుకి కట్టిన ప్రత్యేక బండి అన్నాడు. అంటే సర్వీసు తప్పింది, పైగా పర్మిట్ దుర్వినియోగమైంది.

జడ్జిగారు కళ్లద్దాలు సర్దుకుని ఫొటో చూశారు. "పోయింది ఎవరు?" అని అడిగారు.

అది మామూలు ప్రశ్నే. లాయరమ్మ వెనక్కి తిరిగి చెరియాన్ వంక చూసింది. అమ్మ అంటే అబద్ధం. ఎవరూ లేరంటే మోసం. అతను మళ్లీ తలొంచుకున్నాడు. ఆ సాయంత్రంలోగా ఉత్తర్వు రద్దయిపోయింది.

వరండాలో లాయరమ్మ తల పట్టుకుంది. "ఒక్క ఫోను చేసి ఉంటే చెప్పేదాన్ని కదయ్యా! వాళ్లు అడ్డం పడి ఆపితే ఆగిపోవాల్సింది. బలవంతంగా ఆపడం సర్వీసు తప్పడం కిందికి రాదు. రెండు రాళ్లు పడ్డా మన కేసుకి బలమే అయ్యేది."

చెరియాన్ విన్నాడో లేదో తెలియదు. ఇంటికి బయల్దేరాం. మేం ఎక్కింది సర్కారు బస్సు. ఆ కండక్టరు కూడా ఆ రోజు ఏమీ ఎగతాళి చేయలేదు. టికెట్లు చింపి ఇచ్చి ముందుకెళ్లిపోయాడు.

ఏలిక్కుట్టిని మా తోట పక్కన నిలబెట్టి టార్పాలిన్ కప్పాం. ఆ రోజు గుంజలకి కట్టిన నీలం టార్పాలినే. పైలి తిరిగి తీసుకెళ్లనన్నాడు.

ఇక అమ్మచ్చి. ఆ రోజు నుంచి ఆవిడ చిన్నకొడుకుతో మాట్లాడలేదు. కోపంగా లేదు, అలగలేదు. అతను పిలిస్తే వినపడనట్టు ఉండేది, ఎదురొస్తే పక్కకి తప్పుకునేది. అన్నం నేను పెడితే తినేది. పూలచక్రాలు కమ్మీ మీదే ఎండి, కుళ్లి, పురుగులు పట్టాయి. పారేయబోతే, "ఉండనీ, నావే కదా," అనేది. ముసలి తల్లి చిన్నకొడుకు ఇంట్లో ఉండాలి, అక్కడే కన్నుమూయాలి. మా వాళ్లలో అంతే. అందుకే ఆవిడ పెద్దకొడుకు దగ్గరికి పోతానన్నప్పుడు నేను కాళ్లు పట్టుకున్నాను.

"నువ్వేం చేశావే పిచ్చిదానా," అంది. నా తల మీద చెయ్యి పెట్టింది. అయినా సంచీ సర్దుకోవడం ఆపలేదు.

బావగారు జీపు పంపుతానన్నా వద్దంది. సర్కారు బస్సుకే పోతానంది. కర్కిడకం వెళ్లి చింగం నెల వచ్చింది. వాన తెరిపిచ్చి, ఎండ కాస్తోంది. ఆవిడ ముందు నడిచింది. సంచీ పట్టుకుని చెరియాన్ వెనక నడిచాడు. నేను చివర. టార్పాలిన్ కప్పిన బస్సు పక్క నుంచి వెళ్తూ ఆవిడ అటు చూడలేదు.

డ్రైవరు గౌరవంగా ఇంజను ఆపి కూర్చున్నాడు. స్టాండులో నిలబడ్డవాళ్లు వేరే వైపు చూస్తున్నట్టు నటించారు. అమ్మచ్చి మెట్టెక్కి, కడ్డీ పట్టుకుని నిలదొక్కుకుంది. చెరియాన్ సంచీ అందించి, వదలకుండా అలాగే పట్టుకున్నాడు.

"ఆదివారం వచ్చి తీసుకొచ్చేస్తా అమ్మచ్చీ. నా మీద కోపం తీరాకే మాట్లాడు. ఇంటికి మాత్రం రా."

ఆ రోజు తర్వాత ఆవిడ అతని మొహంలోకి చూడటం అదే మొదటిసారి. మెత్తగానే చూసింది. మాట కూడా మెత్తగానే వచ్చింది.

"నాకోసం రావద్దు నాయనా. మీ అమ్మ పోయి నలభై ఒకటో రోజు దగ్గర పడింది. ఆ దినం భోజనాల పని చూసుకో. ఊరంతా పూలు పట్టుకొచ్చింది, అన్నం పెట్టకపోతే బాగుండదు."

సంచీ లాక్కుని లోపలికెళ్లి, మాకు కనపడని అవతలి వైపు కూర్చుంది. కండక్టరు బెల్లు కొట్టాడు. బస్సు కదిలిపోయింది.

చెరియాన్ అక్కడే నిలబడ్డాడు. బొటనవేలితో వేళ్ల కణుపులు ఒక్కొక్కటే తాకుతూ, పెదాలు కదిలిస్తూ, నిజంగానే రోజులు లెక్కపెడుతున్నాడు. ఇంటికి రమ్మని నేను అతన్ని పిలవలేకపోయాను.